స్టేషన్ రైటర్ రాసిన చరిత్ర

జిల్లా పత్రికల డెస్కుల్లో పనిచేసినవాళ్ళని ఎవరినైనా అడిగి చూడండి. "ఇరువర్గాల మధ్య ఘర్షణ" అన్న మాట ఎన్నిసార్లు టైపు చేశారో లెక్క చెప్పలేరు. చాలా ఏళ్ళ కిందట కొన్నాళ్ళు నేనూ ఒక డెస్కులో కూర్చుని పల్నాడు వైపు మండలాల వార్తలు దిద్దేవాణ్ణి. సాయంత్రం ఆరు దాటాక కంట్రిబ్యూటర్ల వార్తలు ఒకదాని వెనక ఒకటి వచ్చి పడేవి. ఫలానా ఊళ్ళో గొడవ, ఇంతమందికి గాయాలు, కేసు నమోదు, దర్యాప్తు చేస్తున్నామని ఎస్సై తెలిపారు. ఎవరు ముందు కర్ర ఎత్తారు, ఎవరి ఇంటి ముందు జరిగింది, ఎవరి పేటలోకి ఎవరు వెళ్ళారు, ఇవేవీ ఉండేవి కావు. అడిగితే ఫోన్లో అవతల నుంచి ఒకటే జవాబు: "అన్నా, స్టేషన్లో రైటర్ ఇంతే చెప్పాడు."

కంట్రిబ్యూటర్ని తప్పు పట్టి లాభం లేదు. అతనికి జీతం ఉండదు, లైన్ ఎకౌంట్ వస్తే వచ్చినట్టు. పండక్కి ప్రకటనలు తేవాలి, ఆ ప్రకటనలు ఇచ్చేది ఊరి పెద్దలే. రేపు పొద్దున మళ్ళీ అదే స్టేషన్‌కి వెళ్ళాలి. కాబట్టి రైటర్ చెప్పిందే వార్త.

పట్నంలో పుట్టి పెరిగినవాళ్ళ కోసం చెప్తున్నాను, స్టేషన్ రైటర్ అంటే కథలు రాసేవాడు కాదు. ఫిర్యాదుదారుడు చెప్పింది విని కాగితం మీద పెట్టే కానిస్టేబులో, హెడ్ కానిస్టేబులో. అతను ఏ మాట వాడతాడన్న దాని మీద ఏ సెక్షన్ పడుతుందో ఆధారపడి ఉంటుంది. "వచ్చి కొట్టారు" అని రాస్తే ఒకటి, "మాటామాటా పెరిగి కొట్టుకున్నారు" అని రాస్తే ఇంకొకటి. దెబ్బలు తిన్నవాళ్ళు ఇటు ఆసుపత్రిలో ఉండగానే కొట్టినవాళ్ళ దగ్గర నుంచి కూడా ఒక ఫిర్యాదు తీసుకుంటారు, దాన్ని కౌంటర్ కేసు అంటారు. ఎస్సీ ఎస్టీ అట్రాసిటీ కేసు పడబోతుందంటే కౌంటర్ కేసు మరీ తొందరగా పుడుతుంది. అప్పుడు రెండు ఎఫ్ఐఆర్‌లు, రెండు వర్గాలు, మధ్యలో ఒక ఘర్షణ. మర్నాడు పేపర్లో అదే. కొన్నేళ్ళ తర్వాత ఆ పేపరు కటింగులే చరిత్రకి ఆధారాలు. తెలుగు గద్యం మీద ఎక్కువ ప్రభావం ఎవరిదని నన్నడిగితే గురజాడ పేరు చెప్పడానికి కాస్త తటపటాయిస్తాను.

ఇది మన ఒక్కరి సంగతి కాదు. 2020 మే 25న మినియాపొలిస్‌లో జార్జ్ ఫ్లాయిడ్ చనిపోయాక ఆ నగర పోలీసులు విడుదల చేసిన మొదటి ప్రకటన చదివితే, పోలీసులతో వ్యవహారం నడుస్తుండగా ఒక మనిషి ఆరోగ్య సమస్య తలెత్తి చనిపోయాడనే అర్థమవుతుంది. మెడ మీద మోకాలు అందులో లేదు. డార్నెల్లా ఫ్రేజర్ అనే పదిహేడేళ్ళ అమ్మాయి ఫోన్లో తీసిన వీడియో లేకపోతే ఆ ప్రకటనే చరిత్ర అయ్యేది. మరుసటి ఏడు పులిట్జర్ వాళ్ళు ఆమెకి ప్రత్యేక గుర్తింపు ఇచ్చారు. కానీ నన్ను ఎక్కువగా పట్టుకున్న ప్రశ్న వేరే: వీడియో లేనప్పుడు ఆ మొదటి కథని అంతమంది అంత తేలిగ్గా ఎందుకు నమ్ముతారు?

నాకు తోచిన జవాబు ఇది. చనిపోయినవాడి జాతికి, కులానికి, లేదా ఊరికి ముందే ఒక నైజం అంటగట్టి ఉంటుంది. "వాళ్ళంతే" అన్న మాట ఒకసారి స్థిరపడ్డాక పోలీసు కథకి వేరే సాక్ష్యం అక్కర్లేదు. అమెరికాలో నల్లవాళ్ళకి అది చర్మం రంగుతో వచ్చింది. మా దగ్గర కులంతో వచ్చింది. తక్కువ మోతాదులోనే అయినా, మా పల్నాడుకి నేలతో కూడా వచ్చింది.

మాది నరసరావుపేట. హైదరాబాద్‌లో ఆ మాట చెప్పగానే ఎదుటివాళ్ళ ముఖంలో ఒక నవ్వు మొదలవుతుంది. "అమ్మో, పల్నాడా? బాంబులేనా?" అంటారు. ఇందులో కొంత మెచ్చుకోలు కూడా ఉంటుంది, అదే చిరాకు. "పల్నాటి పౌరుషం" అన్న మాటని మేమూ తక్కువ మోయలేదు, పెళ్ళి ఫ్లెక్సీల మీద కూడా వేసుకుంటాం. పన్నెండో శతాబ్దంలో దాయాదులు కొట్టుకున్నారు. గురజాలలో నలగామరాజు, మాచర్లలో మలిదేవరాజు, కారంపూడిలో యుద్ధం. ఆ వందేళ్ళలో దక్షిణాదిన యుద్ధం జరగని సీమ ఏదో ఎవరైనా చూపిస్తే బావుండు. అదే కథలో బ్రహ్మనాయుడు చాపకూడు పెట్టి అన్ని కులాల వాళ్ళనీ ఒకే చోట కూర్చోబెట్టి తినిపించాడు. మాల కన్నమదాసుని కొడుకుగా చూసుకుని సేనానిని చేశాడు. ఎనిమిది వందల ఏళ్ళ తర్వాత అందరికీ గుర్తున్నది కోడిపందెం. చాపకూడు రెండు మార్కుల ప్రశ్న.

ఈ నైజం కథ ఎలా పనిచేస్తుందో చూడ్డానికి 1922 కంటే మంచి చోటు లేదు.

అప్పుడు పల్నాడు మద్రాసు రాష్ట్రం గుంటూరు జిల్లాలో ఒక తాలూకా. వాన తక్కువ, రాతి నేల, జొన్న, సజ్జ. ఇలాంటి చోట రైతుకి భూమి ఎంతో పశువూ అంతే. పశువుకి ఆధారం పక్కనున్న అడవి. 1882 మద్రాసు అటవీ చట్టంతో ఆ అడవి రిజర్వు అయ్యింది. నిన్నటిదాకా తోలుకెళ్ళిన చోటికే ఇవాళ పర్మిట్ కొనుక్కుని తోలాలి. ఆ రుసుమే పుల్లరి. కట్టకుండా తోలితే గొడ్లని బందెలదొడ్డిలో పెడతారు, విడిపించుకోవాలంటే జరిమానా, దాని మీద కింది ఉద్యోగుల మామూళ్ళు. పుల్లరి పైసల్లో చూస్తే చిన్నదే కావచ్చు. కాని అడవికి వెళ్ళిన ప్రతిసారీ ఒక ప్రభుత్వ మనిషి ముందు చేతులు కట్టుకుని నిలబడాలి. నాకైతే పుల్లరి సత్యాగ్రహానికి అసలు కారణం ఆ నిలబడడమే అనిపిస్తుంది.

1921లో సహాయ నిరాకరణ గుంటూరు జిల్లా అంతటా ముదిరింది. చీరాల-పేరాలలో దుగ్గిరాల గోపాలకృష్ణయ్య ఊరినే ఖాళీ చేయించాడు, పెదనందిపాడు వైపు శిస్తు నిరాకరణ జరిగింది. పల్నాడులో పుల్లరి కట్టకుండా పశువుల్ని అడవిలోకి తోలారు. అధికారులకి సాంఘిక బహిష్కారం పెట్టారు, ఊళ్ళో ఎవరూ వాళ్ళకి పని చెయ్యరు, సరుకులు అమ్మరు. ఆ సందర్భంలోనే ఉన్నవ లక్ష్మీనారాయణ పల్నాడు వచ్చి అరెస్టయ్యారు. ఆయన సంగతికి మళ్ళీ వస్తాను.

మించాలపాడు ఇప్పటి దుర్గి మండలంలో చిన్న ఊరు. ఆ ఊరి రైతు కన్నెగంటి హనుమంతు పుల్లరి కట్టనన్నాడు, చుట్టుపక్కల ఊళ్ళ వాళ్ళనీ కట్టొద్దన్నాడు. 1922 ఫిబ్రవరి చివర్లో పోలీసులు ఊరి మీదికొచ్చి కాల్చారు. హనుమంతు చనిపోయాడు. రక్తం కారుతూ దాహం అడిగితే నీళ్ళు ఇవ్వనీయలేదని పల్నాడులో ఇప్పటికీ చెప్పుకుంటారు. ప్రభుత్వం దృష్టిలో అది చట్టాన్ని ధిక్కరించిన గుంపుని అదుపు చెయ్యడం. ఊరి దృష్టిలో హత్య.

ఇక్కడ తేదీలు కొంచెం గమనించాలి. అదే ఫిబ్రవరి 4న గోరఖ్‌పూర్ జిల్లా చౌరీచౌరాలో పోలీసులు జనం మీద కాల్పులు జరిపారు, జనం తిరగబడి ఠాణాకి నిప్పు పెట్టారు, 22 మంది పోలీసులు చనిపోయారు. ఫిబ్రవరి 12న బార్డోలీలో ఉద్యమం నిలిపివేయాలన్న నిర్ణయం జరిగింది. అంటే హనుమంతుని చంపేనాటికి దేశంలో ఉద్యమం అధికారికంగా ఆగిపోయి ఉంది. చౌరీచౌరా పేరు తెలియని పదో తరగతి పిల్లాడు ఉండడు. మించాలపాడు పేరు మాచర్ల దాటితే ఎంతమందికి తెలుసు? ఒకే నెలలో పోలీసులు చనిపోయిన ఊరు దేశచరిత్రలో ఒక అధ్యాయానికి పేరయ్యింది, పోలీసులు చంపిన ఊరు స్థానిక చరిత్రలో ఒక పేరాగా మిగిలింది.

చౌరీచౌరా రైతులకి మాత్రం ఏం మేలు జరిగింది? పోలీసుల కంటే ముందు పోలీసు కాల్పుల్లో జనం చనిపోయారన్న సంగతి పాఠ్యపుస్తకాల్లో ఒక పక్కకి పోయింది. గాంధీ స్వయంగా దాన్ని నేరం అన్నారు. సెషన్స్ కోర్టు 172 మందికి మరణశిక్ష వేసింది, హైకోర్టు తర్వాత 19 మందిని ఉరితీశారు. ఆ ఊరికి వెళ్ళి, కోర్టు కాగితాలనీ ముసలివాళ్ళ జ్ఞాపకాలనీ పక్కపక్కన పెట్టి షాహిద్ అమీన్ 1995లో ఒక పుస్తకం తెచ్చాడు. పోలీసు, కోర్టు, జాతీయ నాయకులు, ముగ్గురూ కలిసి రైతుల్ని నేరస్థులుగా ఎలా స్థిరపరిచారో అందులో ఉంది. అలాంటి పుస్తకం మించాలపాడు మీద రావాలి. హనుమంతుకి మా దగ్గర విగ్రహాలున్నాయి, బుర్రకథలున్నాయి, జయంతులు వర్ధంతులు జరుగుతాయి. కానీ ఆ ఉపన్యాసాలన్నీ మళ్ళీ "పల్నాటి పౌరుషం" దగ్గరికే వెళ్ళి ఆగుతాయి. అడవి మీద హక్కు ఎవరిదని అడిగిన మనిషిని మీసం మెలేసిన మనిషిగా మార్చేశాం. ప్రభుత్వం అంటగట్టిన నైజాన్నే మేం పూలదండ వేసి తిరిగి తీసుకున్నాం.

ఉన్నవ లక్ష్మీనారాయణ జైల్లో కూర్చుని 'మాలపల్లి' రాశారు. అరెస్టు కథ అందరికీ తెలుసు, నిషేధం సంగతీ తెలుసు, 1937లో కాంగ్రెస్ మంత్రివర్గం వచ్చాక గాని ఆ నిషేధం పూర్తిగా పోలేదు. తక్కువ మంది పట్టించుకునేది ఆ నవలలోని సెటిల్‌మెంటు ఘట్టాలు. ఉన్నవ దాన్ని గాల్లోంచి పుట్టించలేదు. గుంటూరు జిల్లాలో ఆయన కళ్ళ ముందే అలాంటివి నడుస్తున్నాయి.

నేరస్థ జాతుల చట్టం 1871లో ఉత్తరాదిన మొదలై 1911లో మద్రాసు రాష్ట్రానికి వచ్చింది. పుట్టుకతో నేరం వస్తుందని ఒక చట్టం ఒప్పుకోవడం ఏమిటని ఇప్పుడు మనకి వింతగా ఉంటుంది, అప్పుడు అది శాస్త్రం. మన వైపు దాని కింద బాగా నలిగింది ఎరుకలవాళ్ళు. గాడిదల మీద, ఎద్దుల మీద కోస్తా ఉప్పుని లోపలి ఊళ్ళకి, లోపలి ధాన్యాన్ని కోస్తాకి మోసిన వర్తకులు వాళ్ళు. ప్రభుత్వ ఉప్పు విధానం, ఆ తర్వాత రైలు, రెండూ కలిసి వాళ్ళ పొట్ట కొట్టాయి. తిరుగుడు మానని మనిషి అనుమానితుడు అయ్యాడు. మీనా రాధాకృష్ణ 2001లో తెచ్చిన పుస్తకంలో ఈ సంగతి వివరంగా ఉంది. రిజిస్టర్లో పేరు, వేలిముద్రలు, హాజరు, ఊరు దాటాలంటే పాసు. గుంటూరు జిల్లాలో సాల్వేషన్ ఆర్మీ చేతికిచ్చిన సెటిల్‌మెంట్లలో ఒకటి సీతానగరం, ఇంకొకటి బాపట్ల దగ్గర స్టువర్టుపురం. మద్రాసు గవర్నరు కార్యనిర్వాహక సభలో ఉన్న హెరాల్డ్ స్టువర్ట్ పేరే ఆ ఊరి పేరు. చీరాల పొగాకు ఫ్యాక్టరీకి అక్కడి నుంచి కూలీలు వెళ్ళేవాళ్ళు. సంస్కరణ అన్నారు, చవక కూలీ కూడా కలిసొచ్చింది.

1952లో దేశమంతా ఆ చట్టం రద్దయ్యింది. దాని స్థానంలో అలవాటుపడ్డ నేరస్థుల చట్టాలు వచ్చాయి, స్టేషన్లలో అలవాటు మాత్రం మారలేదు. ఎక్కడ దొంగతనం జరిగినా ముందు ఏ పేటకి జీపు వెళ్తుందో ఊళ్ళో అందరికీ తెలుసు. పత్రికలకి "స్టువర్టుపురం ముఠా" అన్న తయారుమాట దొరికింది. 1991 ఒక్క ఏడాదిలోనే ఆ ఊరి పేరు పెట్టుకుని రెండు సినిమాలొచ్చాయి, ఒకదాన్లో చిరంజీవి. 1980లో పోలీసుల చేతిలో చనిపోయిన ఒక మనిషి మీద 2023లో ఇంకో సినిమా వచ్చింది. వందేళ్ళ కిందట ఒక అధికారి పేరు పెట్టుకున్న ఊరికి చదువుకున్న పిల్లలున్నారు, ఉద్యోగులున్నారు, వాళ్ళు ఊరి పేరు చెప్పినప్పుడు ఎదుటివాళ్ళ ముఖంలో మొదలయ్యే నవ్వు ఎలా ఉంటుందో నా నరసరావుపేట అనుభవంతో పోల్చుకోలేను. నాది వేళాకోళంతో పోతుంది. వాళ్ళది అద్దె ఇంటి దగ్గర ఆగిపోతుంది. 2024 అక్టోబరులో సుప్రీంకోర్టు జైలు నిబంధనల్లో కుల వివక్షని కొట్టేస్తూ, విముక్త జాతుల వాళ్ళని పుట్టుకని బట్టి అలవాటుపడ్డ నేరస్థులుగా చూడడాన్నీ తప్పుపట్టింది. ఆ కేసు వేసింది సుకన్య శాంత అనే పాత్రికేయురాలు. జైళ్ళలో కులం మీద తను రాసిన కథనాల్నే కోర్టుకి తీసుకెళ్ళింది. పత్రికలు ఏం చెయ్యగలవో చెప్పడానికి ఇదొక్కటి గుర్తుపెట్టుకుంటే చాలు.

స్టువర్టుపురం సినిమాలొచ్చిన 1991లోనే, ఆగస్టు 6న, పాత గుంటూరు జిల్లాలోనే చుండూరులో ఎనిమిది మంది దళితుల్ని చంపారు. మార్చిలో లాస్ ఏంజెలెస్ పోలీసులు రాడ్నీ కింగ్‌ని కొడుతున్న వీడియో ప్రపంచమంతా చూసింది. చుండూరులో కెమెరా లేదు. సినిమా హాల్లో ఒక దళిత యువకుడి కాలు ముందు కుర్చీకి తగలడంతో మొదలయ్యిందని అందరూ చెప్తారు. నిజానికి అది చదువుకున్న దళిత పిల్లలు తల ఎత్తి తిరగడంతో మొదలయ్యింది. మాలపల్లి మీద బహిష్కారం, 144 సెక్షన్, పోలీసు పికెట్, అన్నీ ఉన్నాయి. పోలీసులే వచ్చి పారిపొమ్మన్నారని, పారిపోయిన మగవాళ్ళకి పొలాల్లో ఆయుధాలతో కాచుకున్నవాళ్ళు ఎదురయ్యారని బతికినవాళ్ళు చెప్పారు. శవాలు గోనెసంచుల్లో కాలవలో దొరికాయి. సెప్టెంబరులో అదే ఊళ్ళో పోలీసు కాల్పుల్లో ఒక దళిత యువకుడు చనిపోయాడు.

ఆ తర్వాత వచ్చిన కథ ముఖ్యం. సర్వజనాభ్యుదయ పోరాట సమితి అని అగ్రకులాల వాళ్ళు ఒక సంఘం పెట్టుకున్నారు. దళిత కుర్రాళ్ళు మా ఆడపిల్లల్ని ఏడిపించారు, ఓపిక పట్టి పట్టి ఇలా జరిగింది, ఇదీ వాళ్ళ వాదన. ఈ కథకి వయసు చాలా ఎక్కువ. 1892లో మెంఫిస్‌లో ముగ్గురు నల్లవాళ్ళని మూక చంపింది. వాళ్ళ అసలు నేరం తెల్లవాడి కొట్టుకి పోటీగా కిరాణా కొట్టు పెట్టడం. ఐడా బి. వెల్స్ అనే నల్లజాతి పాత్రికేయురాలు ఆ హత్యతో మొదలుపెట్టి, మూకహత్యలకి చెప్పే "మా ఆడవాళ్ళ మానం" కథ ఎంత బూటకమో విడివిడిగా కేసులు తీసి చూపించింది. మూక వెళ్ళి ఆమె పత్రిక ప్రెస్సుని ధ్వంసం చేసింది. చుండూరు తర్వాత ఆ పని ఇక్కడ పౌరహక్కుల సంఘాల వాళ్ళు, దళిత మహాసభ చేశారు. బాలగోపాల్ ఆ ఏడాదే రాసిన వ్యాసం ఇప్పుడు చదివినా వేడి తగ్గలేదు.

కానీ భాషలో ఎవరు గెలిచారు? "చుండూరు ఘటన" అంటాం. "కారంచేడు ఘటన" అంటాం. 1985 జూలై 17న ఆరుగురు మాదిగల్ని చంపడం ఒక ఘటన. ఘటన అంటే జరిగేది. ఎవరూ చెయ్యరు.

ఇప్పుడు చిలకలూరిపేటకి వద్దాం. ఇది ఇప్పటి పల్నాడు జిల్లాలోదే. 1993 మార్చి 8న ఒక ఆర్టీసీ బస్సులో ఇద్దరు కుర్రాళ్ళు దోపిడీ చెయ్యబోయి పెట్రోలు పోశారు, నిప్పంటుకుంది, 23 మంది కాలిపోయారు. ఘోరం. మా వైపు ఆ రోజుల్లో బస్సెక్కితే పెద్దవాళ్ళు ఇంకా దాని గురించే మాట్లాడుకునేవాళ్ళు. ఆ కుర్రాళ్ళిద్దరూ దళితులు, బీదవాళ్ళు. బెదిరించడానికే పెట్రోలు తెచ్చామని, చంపాలని కాదని వాళ్ళ వాదన. 1995లో గుంటూరు కోర్టు ఉరిశిక్ష వేసింది, హైకోర్టు, సుప్రీంకోర్టు కూడా ఖాయం చేశాయి. ఉరి రోజు దగ్గరికొచ్చి ఆగింది. మహాశ్వేతాదేవితో సహా ఎంతోమంది పూనుకున్నారు. చివరికి 1998లో రాష్ట్రపతి కె.ఆర్. నారాయణన్ దాన్ని యావజ్జీవంగా మార్చారు.

పక్కన చుండూరు పెట్టి చూడండి. బస్సు కేసులో నేరం జరిగిన రెండున్నరేళ్ళకి ఉరిశిక్ష. చుండూరు కేసులో నేరం జరిగిన ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టాలని పోరాడి సాధించుకుంటే, పదహారేళ్ళకి, 2007 జూలై 31న తీర్పు. 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది చొప్పున. 2014 ఏప్రిల్‌లో హైకోర్టు అందర్నీ వదిలేసింది. రెండు చోట్లా మనుషులు చచ్చారు. ఒకచోట నిందితులు దళితులు, ఇంకోచోట చచ్చినవాళ్ళు దళితులు. చుండూరులోనూ ఉరి వేసి ఉండాల్సిందని నేననడం లేదు, బస్సు కుర్రాళ్ళ ఉరిని వద్దన్నవాళ్ళెవరూ అలా అనలేదు. వాళ్ళు అడిగింది ఒక్కటే, కోపం అందరి మీదా ఒకేలా ఎందుకు రాదని. బస్సు కేసులో ఇద్దరి ముఖాలు, ఇద్దరి పేర్లు అందరికీ తెలిశాయి. చుండూరులో నిందితులు వందల్లో ఉన్నారు, ఒక్క ముఖం కూడా ఎవరికీ గుర్తులేదు. ఒకచోట రాక్షసులు. ఇంకోచోట వర్గం.

పత్రికల్లో ఎవరున్నారన్న ప్రశ్నని తప్పించుకోలేం. 1996లో కెనెత్ కూపర్ అనే నల్లజాతి విలేకరి వాషింగ్టన్ పోస్టుకి ఢిల్లీ నుంచి రాస్తుండేవాడు. ఒక దళిత పాత్రికేయుడి పేరు చెప్పమని బి.ఎన్. ఉనియాల్‌ని అడిగాడు. ఉనియాల్ అక్రెడిటేషన్ జాబితా ముందు పెట్టుకుని వెతికాడు, తెలిసినవాళ్ళకి ఫోన్లు చేశాడు. ఒక్కరు కూడా దొరకలేదు. దాని మీద ఆయన పయనీర్‌లో వ్యాసం రాశాడు. తన ముప్పై ఏళ్ళ వృత్తిలో ఇది తనకెందుకు తట్టలేదని ఆయనే ఆశ్చర్యపోయాడు. ఆ ప్రశ్న ఒక అమెరికన్ నల్లవాడికే తట్టడం యాదృచ్ఛికం కాదు. వాళ్ళ దేశంలో 1967 అల్లర్ల తర్వాత వేసిన కెర్నర్ కమిషన్ 1968 నివేదికలో పత్రికల మీద ఏకంగా ఒక అధ్యాయం ఉంది. వార్తాసంస్థలు తెల్లవాళ్ళ కళ్ళతోనే చూస్తున్నాయని, నల్లవాళ్ళని ఉద్యోగాల్లోకి తీసుకోవాలని ఒక ప్రభుత్వ కమిషన్ చెప్పింది. అమలు ఎంతవరకన్నది వేరే సంగతి, ఆ ప్రశ్న అయితే ప్రభుత్వ కాగితం మీద ఉంది. కారంచేడు, నీరుకొండ, చుండూరు వరసగా జరిగినా మన దగ్గర ఏ కమిషనూ డెస్కులో ఎవరు కూర్చున్నారని అడిగిన గుర్తు నాకు లేదు.

2024 మే 13 పోలింగ్, ఆ తర్వాతి రోజుల పల్నాడు అందరికీ గుర్తుంది. ఎన్నికల సంఘం జిల్లా ఎస్పీని సస్పెండ్ చేసింది, ప్రత్యేక దర్యాప్తు బృందం వేశారు. రెంటచింతల మండలం పాల్వాయి గేటు పోలింగ్ బూతులో ఈవీఎం పగలగొట్టిన వీడియో వారం తర్వాత బయటికొచ్చి దేశమంతా తిరిగింది. కెమెరా ఉంది కాబట్టి గుర్తుంది. "పల్నాడు కదా" అని మళ్ళీ అనుకున్నారు. పోలీసుల మీద ఎన్నికల సంఘమే చర్య తీసుకున్నాక కూడా జనం నోట్లో మిగిలింది పోలీసులు కాదు, పల్నాడు.

దానికి ఐదేళ్ళ ముందు, 2019 సెప్టెంబరు ఎంతమందికి గుర్తుంది? ఎన్నికల తర్వాత మమ్మల్ని ఊళ్ళో ఉండనివ్వడం లేదంటూ దుర్గి మండలం ఆత్మకూరు నుంచి కొన్ని దళిత కుటుంబాలు గుంటూరులో ఒక పార్టీ పెట్టిన శిబిరానికి వచ్చాయి. దుర్గి, అంటే హనుమంతు మండలమే. ఆ పార్టీ చలో ఆత్మకూరు అంది. అధికారంలో ఉన్న పార్టీ మేమూ చలో ఆత్మకూరు అంది. 144 సెక్షన్, గృహనిర్బంధాలు. పోలీసులు శిబిరంలో వాళ్ళని బస్సులెక్కించి ఊళ్ళకి పంపారు. ఆ మూడు నాలుగు రోజులూ నేను రెండు రకాల చానెళ్ళూ మార్చి మార్చి చూశాను. ఒకదాన్లో వాళ్ళు బాధితులు, ఇంకోదాన్లో పెయిడ్ ఆర్టిస్టులు. శిబిరంలో చంటిపిల్లని ఎత్తుకున్న ఒకామె ముందు మైకు పెట్టారు. ఊళ్ళో మీ ఇల్లు ఏ వైపు, పొలం ఎవరిది, ఎవరు రావద్దన్నారు, స్టేషన్‌కి వెళ్తే ఏం రాసుకున్నారు, ఇన్ని అడగొచ్చు. మొదటి ప్రశ్న, "మీది ఏ పార్టీ అమ్మా?"